సూర్యకాంతము

కొన్ని పేళ్లు పుణ్యమువలన వ్యాపించును. కొన్ని పాపమువలన నశించును. రాముని పేరు ఇంటింటను కలదు. కైకేయి యను పేరుగల బాలికను ఇరువదియేండ్ల ఉపాధ్యాయవృత్తిలో నేను చూడలేదు. ఇందు వింత లేదు. కాని యే పాపమును చేయక, తన పనిని మిక్కిలి చక్కగా చేసినంతమాత్రముననే ఒక స్త్రీ తన పేరును లోకమునకు పనికిరాకుండ చేసికొనుట వింతయే గదా! ఆ స్త్రీ మన చలనచిత్రములలో గయ్యాళి యత్తగా ప్రసిద్ధికెక్కిన సూర్యకాంతము.

సంస్కృతము చదివినవారికి ఇంత యందమైన పేరు అరుదుగా తోచును. సూర్యకాంతమనగా నొక మణి. అది తాకిన చల్లగా నుండుననియు, ఎండ సోకగానే నిప్పు గ్రక్కుననియు పూర్వుల నమ్మకము. ఆ నటితో కలిసి పనిచేసినవారి మాటలు విన్నచో ఈ రెండు గుణములును ఆమెయందుండెనని తెలియును. తెరపై నిప్పు, తెర వెనుక, ఇంట వండిన పదార్థములను తెచ్చి తోటివారికి కొసరి కొసరి వడ్డించు చల్లని తల్లి.

1924లో కాకినాడ సమీపమున వెంకటకృష్ణరాయపురమున జన్మించిన ఈమె 1946లో ‘నారద నారది’తో చిత్రరంగమున ప్రవేశించెను. 1950లో ‘సంసారం’ చిత్రమున వేసిన యత్త వేషము ఆమె దారిని నిర్ణయించినది. అది మొదలు దశాబ్దములకొలది ఆమె పోషించినవి సహాయపాత్రలే. 1994లో ఆమె కన్నుమూసెను.

సహాయపాత్ర ధరించువారి కష్టమును మనము తలపము. నాయకునకు పాటలు కలవు, పోరాటములు కలవు, తన మంచితనమును నిరూపించుకొనుటకు గంటలకొలది వ్యవధి కలదు. సహాయనటులకు దొరకునవి కొన్ని నిమిషములు. ఆ కొన్ని నిమిషములలోనే ఆ యింటి గాలి యెట్టిదో వారు చూపవలెను. సూర్యకాంతము ఎడమచేయి త్రిప్పుచు ఒక్క మాట విసరగానే, కోడలు ఆ యింట నెట్లు బ్రతుకుచున్నదో మనకు తెలిసిపోవును. 1962లో విజయావారు రామారావు, నాగేశ్వరరావు, సావిత్రి, జమున, రంగారావు మొదలగు హేమాహేమీలతో తీసిన చిత్రమునకు నాయకుని పేరు గాని నాయిక పేరు గాని పెట్టక, ‘గుండమ్మ కథ’ యని ఆమె పాత్ర పేరే పెట్టుట ఇందుకు తగిన గౌరవము.

ఆ చిత్రమును మా యింట టెలివిజనులో పలుమారులు చూచితిమి. చూచినకొలది నాకు గుండమ్మపై కోపము తగ్గి ఆలోచన పెరిగినది. సవతికూతురిచేత చాకిరి చేయించుట ఆమె దోషమే. కాని ఆమె భర్త లేని స్త్రీ. ఆస్తి కలదు, దానిని కాపాడుకొనుటకు నోరు తప్ప వేఱు కోట లేదు. ఛాయాదేవి ధరించిన దుర్గమ్మ యింట చేరి పెత్తనము చేజిక్కించుకొనగానే ఆ కోట కూలును. అప్పుడు ఇంతకాలము మనలను నవ్వించిన కేకల వెనుక దాగినది భయమే గదా యనిపించును. 1957 నాటి ‘మాయాబజార్’లో ఈమెయే హిడింబి, ఘటోత్కచుని ప్రేమించు కన్నతల్లి. రాక్షసిగా వేసినపుడు మాతృమూర్తి, మానవస్త్రీగా వేసినపుడు రాక్షసి! దోషము నటిదా, మన సంసారములదా?

కొన్నియేండ్ల క్రిందట మా బంధువుల యింట బారసాల జరిగినది. బిడ్డకు తాతమ్మ పేరు పెట్టవలెనని తండ్రి ముచ్చటపడెను. ఆమె పేరును సూర్యకాంతమే. ఆ మాట రాగానే కూర్చున్నవారిలో నవ్వు లేచినది. ఆ ముసలమ్మయే, “వద్దు నాయనా! ఈ పేరుతో నేను పడినది చాలును. మంచినీళ్లడిగినను నవ్విరి” అనెను. బిడ్డకు వేఱు పేరు పెట్టిరి. నవ్వినవారిలో కొడుకుల పెండ్లిండ్లలో కట్నము లెక్కపెట్టి పుచ్చుకొన్న పెద్దమనుషులును కలరు. వారి పేళ్లను మనుమలకు పెట్టుటకు ఎవరికిని సంకోచము లేదు.

చదువరులారా! వరకట్న నిషేధ చట్టము 1961లో వచ్చినది. ‘గుండమ్మ కథ’ మఱుసటి యేడు వచ్చినది. చట్టమును మఱచితిమి, గుండమ్మను మఱవలేదు. ఇంటిలోని క్రౌర్యమంతయు ఒక స్త్రీ నాలుకపైనే యున్నదని నమ్ముట మనకు సుఖముగా నున్నది. అత్త కేకలు వేయుచుండగా పడకకుర్చీలో పత్రిక చదువుకొను మామను, తల వంచుకొని వీధిలోనికి జారుకొను కొడుకును మనము చూడము. కట్నము సొమ్ము వారిది, కోడలి చాకిరివలని సుఖము వారిది. నింద మాత్రము అత్తది. నేటి టెలివిజను ధారావాహికలలోను అత్తయే తఱచుగా దోషి. సూర్యకాంతమునందుండిన హాస్యము గూడ ఆ యత్తలకు లేదు.

ఆ నటి తన పనిని నెరవేర్చి పోయినది. మన పని మిగిలియున్నది. ఆమె నటించిన చిత్రమును ఇంటిల్లిపాది చూచునపుడు బిడ్డలు నవ్వుదురు, నవ్వనిండు. పిమ్మట వారినొక ప్రశ్న యడుగుడు: ఆ యింట కేకలు వేసినదెవరో యెల్లరకును తెలియును, విని ఊరకున్నవారెవరు?