బాల్ ఏడికి పోయింది బిడ్డా?

ఐపీఎల్ మొదలైందంటే కొండగట్టు కింద ఓ కొబ్బరికాయల దుకాణంలో రెండు రకాల కేకలు వినిపిస్తాయి. ఒకటి గిరాకీది. 'కాయ ఎంత?', 'సింధూరం పొట్లం ఇయ్యిండ్రి', 'చెప్పులు ఈడ ఇడిసి పోవచ్చా?'. రెండోది గల్లాపెట్టె పక్కన స్టూలు మీద ఫోను పట్టుకుని కూర్చునే బడిపిల్లది.

'తాతా... ఫోర్!'

'బాల్ ఏడికి పోయింది బిడ్డా?'

'గుట్ట దిక్కు!'

అంతే. పెద్దాయన మొహంలో చిన్న నవ్వు. చేతిలోని కాయకు పీచు తీస్తూనే తలాడిస్తారు. కాయ కొనడానికి వచ్చినవాళ్లకు ఇదేం భాషో అర్థంకాదు. తాతా మనవరాళ్లకు మాత్రం అదో పెద్ద స్టేడియం.

అరవై ఎనిమిదేళ్ల ఆ పెద్దాయన క్రికెట్‌ని చూసింది తక్కువ, విన్నది ఎక్కువ. మొదటిసారి విన్నది 1971 ఆగస్టులో. మల్యాల దగ్గరి ఊళ్లో అప్పటికాయనకు పద్నాలుగేళ్లు. రేడియో పెట్టుకోవాలంటే పోస్టాఫీసులో లైసెన్సు కట్టాల్సిన రోజులవి. రేడియో ఉన్న ఇళ్లను వేళ్లమీద లెక్కపెట్టొచ్చు. బడిలో పాఠం చెప్పే సారు ఇంట్లో ఒకటుండేది. సాయంత్రం అరుగు మీద చేరిన పిల్లలకు లండన్ నుంచి షార్ట్‌వేవ్ మీద వచ్చే ఆ ఇంగ్లిషు ఒక్క ముక్క తెలిస్తే ఒట్టు. గొంతు ఓసారి దగ్గరకొచ్చేది, ఓసారి ఏట్లో కొట్టుకుపోతున్నట్టు దూరమైపోయేది. సారు చెవి ఒగ్గి వినేవారు, విన్నది తెలుగులో చెప్పేవారు. ముందురోజు చంద్రశేఖర్ ఆరు వికెట్లు తీసి ఇంగ్లండ్‌ని 101 పరుగులకే పడేశాడు. గెలవడానికి 173 కావాలి. ఆగస్టు 24, వినాయక చవితి. ఓవల్ మైదానంలోకి ఆవేళ ఓ ఏనుగును కూడా తీసుకొచ్చారని తర్వాతెప్పుడో తెలిసింది కానీ ఆ పిల్లలకు గుర్తున్నది ఒకటే. గెలుపు పరుగులు కొట్టింది మన హైదరాబాదీ సయ్యద్ అబిద్ అలీ. ఫోరు! అరుగు దద్దరిల్లిపోయింది.

ఆ తర్వాత దుకాణం పెట్టుకున్నాక మొదటి దసరాకు ఆయన కొనుక్కున్నది బట్టలు కాదు, తోలు తొడుగున్న ట్రాన్సిస్టర్. 'ఎద్దును కొన్నంత సంబరపడ్డడు' అని బాపమ్మ ఇప్పటికీ మనవరాలికి చెబుతూ ఉంటుంది. వ్యాపారికి రేడియో అంత మంచి తోడు ఇంకోటి లేదు మరి. చేతులు కాయలు కొడుతుంటాయి, కళ్లు గల్లాపెట్టె మీద ఉంటాయి, చెవులు మాత్రం ఈడెన్ గార్డెన్స్‌లో!

దాన్ని వినడం కూడా ఓ విద్యే. హైదరాబాద్ స్టేషను ఇక్కడికి సుమారు 200 కిలోమీటర్లు. పగటిపూట మీడియం వేవ్ తరంగాలు నేలను అంటిపెట్టుకుని వస్తాయి కాబట్టి దూరం పెరిగేకొద్దీ నీరసపడతాయి. అలాంటప్పుడు ఏం చేయాలో ఆయనకు ఎవరూ చెప్పలేదు, పట్టుకున్నారంతే. పైన ఉన్న ఏరియల్‌ను ఎంత లాగినా లాభంలేదు, సెట్టునే తిప్పాలి. మీడియం వేవ్‌ను పట్టేది పెట్టె లోపల అడ్డంగా ఉండే ఫెర్రైట్ కడ్డీ. అది స్టేషను దిక్కుకు సరిగ్గా అడ్డంగా తిరిగితే గొంతు నిండుగా వస్తుంది, తప్పితే గరగర. అందుకే దుకాణం బల్లమీద సుద్దముక్కతో ఓ గీత ఉండేది. రేడియో ఆ గీత మీదే కూర్చోవాలి. ఎవరైనా జరిపారా... అయిపోయారే! రాత్రయితే కథ వేరు. చీకటిపడ్డాక ఆకాశంలోని పైపొరలు ఆ తరంగాలను అద్దంలా తిప్పికొడతాయి. ఎక్కడెక్కడి స్టేషన్లో వచ్చి ఒకదాన్నొకటి తోసుకుంటాయి. ఇక సెల్లులు నీరసిస్తే ఎండకు పెట్టి మరో రెండు రోజులు లాగడం ఆనాటి ఇంటింటి విద్యే కదా!

కామెంటరీ ఓసారి హిందీలో, ఓసారి ఇంగ్లిషులో. హిందీలో జస్‌దేవ్ సింగ్, సుశీల్ దోషి మాట్లాడుతుంటే ఆయనకు పండగే. లెక్కలు, దిక్కులు, గాలివాటం హిందీలో ఆయన నేర్చుకున్నదంతా వాళ్ల దగ్గరే. ఇంగ్లిషు వంతు వచ్చినప్పుడు గొంతును బట్టి అర్థం చేసుకునేవారు. సురేశ్ సరయ్యా గొంతు పెరిగితే ఏదో జరిగినట్టు. తెలుగువాళ్లలోనూ పేరున్న వ్యాఖ్యాత ఒకాయన ఉన్నారు, 1936లో ఇంగ్లండ్ వెళ్లిన భారత జట్టుకు కెప్టెన్‌గా చేసిన విజయనగరం రాజకుమారుడు 'విజ్జీ'. ఆయన తర్వాత మైకు ముందుకొచ్చినా మాట్లాడింది ఇంగ్లిషులోనే. గుట్ట కింది దుకాణందారుకు ఆయనతో ఏం పని?

రేడియో వ్యాఖ్యాతకు ఓ బాధ్యత ఉండేది. వింటున్నవాడికి ఏమీ కనిపించదని అతనికి తెలుసు. అందుకే బౌలర్ ఏ చివరి నుంచి పరుగెత్తుతున్నాడు, స్లిప్‌లో ఎంతమంది, బంతి ఎవరి పక్కనుంచి పోయింది... అన్నీ చెప్పేవాడు. స్కోరు చెప్పకుండా రెండు నిమిషాలు గడిస్తే వినేవాళ్లకు ఊపిరాడదు. 2001 మార్చి 14న లక్ష్మణ్, ద్రవిడ్ పొద్దంతా వికెట్ పడకుండా ఆడినరోజు దుకాణం ముందు ఆగిన ఆటోవాళ్లు, పూలమ్మే ఆమె, మాల వేసుకున్న స్వాములు అంతా అదే మాట: 'ఉన్నరా? ఇంక ఉన్నరా?' లక్ష్మణ్ 281 పరుగుల్లో ఒక్కటీ ఆయన ఆనాడు చూడలేదు. అడిగితే మాత్రం మిడ్ వికెట్ మీదుగా ఎలా కొట్టాడో చేత్తో చూపిస్తారు.

ఒక్కరోజు మాత్రం ఆ ట్రాన్సిస్టర్ మూగబోయింది. 2018 సెప్టెంబరు 11, మంగళవారం. ఘాట్ రోడ్డు మీద బస్సు లోయలో పడి అరవై మందికి పైగా చనిపోయిన రోజు. ఆ సాయంత్రమే ఓవల్‌లో రాహుల్, పంత్ సెంచరీలు కొట్టారు. పంత్‌కు టెస్టుల్లో అదే మొదటి సెంచరీ. ఆయనకు ఆ సంగతి చాలా రోజుల దాకా తెలియదు. ఇప్పటికీ ఆ ఇన్నింగ్స్ ప్రస్తావన వస్తే మాట మార్చేస్తారు.

కళ్ల సంగతి ఆ తర్వాత మూడేళ్లకు బయటపడింది. మెట్ల మీద పక్కనుంచి వచ్చేవాళ్లను గుద్దుకోవడం, లోటా పట్టుకోబోయి పక్కన చెయ్యి పెట్టడం... కరీంనగర్‌లో కంటి డాక్టరు నీటికాసులు అన్నారు. చూపు చుట్టుపక్కల నుంచి తరిగిపోతూ వచ్చింది. పోయింది తిరిగి రాదు, ఉన్నది కాపాడుకోవడానికి రోజూ చుక్కలు వేసుకోవాలి. గొట్టంలోంచి చూసినట్టు మధ్యలో కొంచెం మిగిలింది. కొడుకు ప్రాణం ఊరుకోలేదు. 'బాపూ, నీకు మంచిగ కనవడ్తది' అంటూ గోడంత టీవీ తెచ్చాడు. పాపం, అక్కడే దెబ్బ తగిలింది. చూపు ఇరుకైనవాడికి బొమ్మ పెద్దదైతే మరీ కష్టం. బౌలర్ నడుము కనిపిస్తుంది, బంతి కనిపించదు. మూలన ఉండే స్కోరైతే అసలే దొరకదు. కొడుకు చిన్నబుచ్చుకుంటాడని ఏడాదిపాటు మ్యాచు చూస్తున్నట్టే కూర్చున్నారట.

పట్టేసింది మనవరాలే. సిక్స్ పడితే అందరూ అరిచాక తాత చప్పట్లు కొడుతున్నాడు!

మళ్లీ వినడం దగ్గరికే రావాల్సి వచ్చింది. అయితే ఈసారి దారులు వెతకాల్సినంత తక్కువేం లేవు. ఆకాశవాణి స్టేషన్లు ఎన్నో ఇప్పుడు 'న్యూస్ ఆన్ ఎయిర్' యాప్‌లో వస్తాయి. సుద్దగీత అక్కర్లేదు, సెట్టు తిప్పక్కర్లేదు. 2019లో క్రికెట్ బోర్డుతో ప్రసార భారతి ఒప్పందం చేసుకున్నాక రంజీల్లాంటి దేశవాళీ మ్యాచులకూ రేడియో కామెంటరీ వచ్చింది. కానీ ఆయనకు కావలసింది సన్‌రైజర్స్! ఐపీఎల్‌కు ఫోనే దిక్కు. తెలుగు కామెంటరీకీ కొదవలేదు. 2018 చివర్లో స్టార్ స్పోర్ట్స్ తెలుగు చానల్ వచ్చింది, 2023లో జియో సినిమా ఉచితంగానే తెలుగులో వినిపించింది, 2025 నాటికి అది జియో హాట్‌స్టార్ అయింది. యాభయ్యేళ్లు హిందీలో విన్న మనిషికి సొంత భాషలో క్రికెట్!

విన్నారు. రెండు రోజులకే ఫోను పక్కన పెట్టేశారు.

'మస్తు ముచ్చట్లు పెడ్తుండ్రు బిడ్డా. స్కోరే చెప్తలేరు' అన్నారు.

నిజమే కదా! టీవీ వ్యాఖ్యాతకు తెలుసు, చూస్తున్నవాడికి బొమ్మలో అన్నీ ఉన్నాయని. 'అబ్బా, ఏం షాట్!' అంటే సరిపోతుంది. కళ్లున్నవాళ్లకు అది చాలు. కళ్లు మూసుకుని అయిదు నిమిషాలు వినిచూడండి, తెలుస్తుంది. పైగా ఇంకో తంటా. నెట్‌లో వచ్చే వీడియో చిన్నచిన్న ముక్కలుగా వచ్చి, కొంత పోగయ్యాకే నడుస్తుంది. ఎదురుగా చాయ్ హోటల్లో డిష్ ఉన్న టీవీ. ఫోన్‌లో బౌలర్ ఇంకా పరుగు మొదలెట్టకముందే అక్కడ ఈలలు పడేవి. ఏం జరిగిందో తెలియదు, ఏదో జరిగిందని మాత్రం ముందే తెలిసిపోతుంది. క్రికెట్ వినేవాడికి ఇంతకన్నా శిక్ష ఉంటుందా?

అప్పుడు మనవరాలు కనిపెట్టిందే ఈ గుట్ట దిక్కు భాష. ఫోన్‌లో బంతి బంతికీ వచ్చే ఇంగ్లిషు రాత చదివి తాతకు చెప్పడం మొదలుపెట్టింది. మొదట్లో 'డీప్ ఎక్స్‌ట్రా కవర్' అంటే అదెక్కడో ఆ పిల్లకే తెలియదు. తాతే నేర్పారు. గల్లాపెట్టె దగ్గర బ్యాట్స్‌మన్. ఎదురుగా చాయ్ హోటల్ నుంచి బౌలర్ వస్తాడు. కుడిచేతి వైపు గుట్ట, ఎడమచేతి వైపు కరీంనగర్ రోడ్డు. కుడిచేతి ఆటగాడైతే గుట్ట దిక్కు ఆఫ్ సైడ్, రోడ్డు దిక్కు లెగ్ సైడ్. దుకాణం వెనక్కి పోతే అంచుకు తగిలినట్టు. చాయ్ హోటల్ మీంచి పోతే ఇక చెప్పేదేముంది! సన్‌రైజర్స్ ఓపెనర్లు అభిషేక్ శర్మ, ట్రావిస్ హెడ్ ఇద్దరూ ఎడమచేతి వాళ్లు కావడంతో మొదట్లో పెద్ద గొడవే అయింది. 'లెగ్ సైడ్ అంటివి, గుట్ట దిక్కు అంటివి, ఏది నిజం?' 'రెండూ నిజమే తాతా, వాడు ఎడమచెయ్యి!'

2025 సీజన్ వాళ్లకు కలిసిరాలేదు. వరుసగా నాలుగు ఓటములు. అందులో నాలుగోది శ్రీరామనవమి నాడు, అదీ మన హైదరాబాద్ పోరడు సిరాజ్ చేతిలో. గుజరాత్ తరఫున ఆడుతూ ఉప్పల్‌లోనే నాలుగు వికెట్లు తీశాడు. ఏడవాలో నవ్వాలో తెలియక పెద్దాయన ఆ పూట అన్నం సగంలో వదిలేశారు.

ఏప్రిల్ 12, శనివారం. చిన్న హనుమాన్ జయంతి. మాలలు తీయడానికి వచ్చిన స్వాములతో గుట్ట కిందా పైనా ఎటు చూసినా కాషాయమే. అటు ఉప్పల్‌లో ఆరెంజ్ చొక్కాలు, ఇటు వీధిలో కాషాయ పంచెలు. పంజాబ్ 245 కొట్టింది. 'పాయె తీ' అన్నారు పెద్దాయన, సింధూరం పొట్లాలు కడుతూ.

సన్‌రైజర్స్ ఆట మొదలయ్యేసరికి ఫోను ఆగిపోయింది. అంత జనంలో అన్ని ఫోన్లు ఒక్కసారే పనిచేస్తే నెట్ ఎక్కడిది? గుండ్రంగా తిరిగేది తిరుగుతూనే ఉంది. రెండు నిమిషాలు చూసింది పిల్ల. ఫోను గల్లాపెట్టెలో పడేసి, జనంలోంచి దారిచేసుకుని వీధి దాటి, చాయ్ హోటల్ గడపమీద నిలబడింది.

'ఫోర్ తాతా! గుట్ట దిక్కు!'

స్వాములు వెనక్కి తిరిగి చూశారు. ఇంకో ఫోరు. సిక్స్, రోడ్డు దిక్కు. ఉన్నట్టుండి, 'ఔట్ తాతా... అభిషేక్ ఔట్!' పెద్దాయన చేతిలో కాయ అలాగే ఉండిపోయింది. అంతలోనే గొంతు పగిలేలా, 'కాదు కాదు! నో బాల్! ఉన్నడు తాతా, ఉన్నడు!'

అప్పటికి అభిషేక్‌ది 28. ఆ తర్వాత ఆగలేదు. 40 బంతుల్లో వంద. సెంచరీ కాగానే జేబులోంచి ఓ కాగితం తీసి చూపించాడు, ఇది ఆరెంజ్ ఆర్మీ కోసం అని. ఆ సంగతి కూడా వీధి దాటి వచ్చింది. మొత్తం 141, ఐపీఎల్‌లో భారత ఆటగాడు అప్పటిదాకా అంత కొట్టలేదు. కాయలకు వచ్చిన ఓ స్వామి డబ్బులిచ్చి కూడా కదల్లేదు. 'ఎంతైందట?' అని వెనకున్నవాళ్లు అడిగితే పెద్దాయనే చెప్పడం మొదలెట్టారు, ఓవర్లతో సహా.

ఇంకా తొమ్మిది బంతులుండగానే అయిపోయింది. చాయ్ హోటల్లోంచి ఒక్కసారిగా అరుపులు. పిల్ల గొంతు మాత్రం వినపడలేదు. కాసేపటికి చెమటతో తడిసి వచ్చి స్టూలు మీద కూలబడింది. గొంతు పూర్తిగా పోయింది. పెద్దాయన తడుముకుంటూ ఓ కాయ తీసి, కన్ను దగ్గర పొడిచి, నీళ్లు ఆమె చేతికిచ్చారు.

'ఆఖరి బాల్ ఏడికి పోయింది బిడ్డా?'

'కనవడలే తాతా. అందరు లేచి నిలవడ్డరు.'

ఆయన కాసేపు ఆలోచించారు.

'చాయ్ హోటల్ మీంచే పోయుంటది తీ' అని, తర్వాతి గిరాకీకి కాయ అందుకున్నారు.