సూరత్ భోజనం, సచిన్ ఆకలి

సూరత్‌లో భోజనం, కాశీలో మరణం దొరకాలని గుజరాతీల సామెత. ఆ మాట పట్టుకొని సందర్శకులు పాత సూరత్ వీధుల్లో గైడు వెంట నడుస్తారు. వేడి లోచో, నేతి ఘారీ రుచి చూస్తారు. ఖమణ్ వండబోతే చెడిన పిండే లోచో అయిందని చెప్పుకుంటారు. పొరపాటుకు సైతం పీట వేసిన నగరమది.

ఆ నడక దక్షిణాన ఉన్న సచిన్ దాకా రాదు. ఆఫ్రికా మూలాలున్న సిద్దీ నవాబులు 1791 నుంచి 1948 వరకు ఏలిన సంస్థానమది. నేడు బట్టల మిల్లుల పారిశ్రామికవాడ. ఒడిశా, ఉత్తరప్రదేశ్, బిహార్‌ల శ్రమజీవులతో పాటు తెలంగాణ పద్మశాలీలూ బతుకుదెరువుకు చేరిన నగరం సూరత్. 2020 ఏప్రిల్‌లో, లాక్‌డౌన్ వేళ, ఆ నగరంలోనే వలస కార్మికులు కూలి కోసం, కూటి కోసం, సొంతూరి దారి కోసం వీధికెక్కారు. సామెత అబద్ధమైన రోజులవి.

బయటివాడు నవాబైతే చరిత్ర. కార్మికుడైతే వట్టి వలస. చాలామంది చెమట ఇక్కడ, ఓటు సొంతూళ్లో. అందుకే వారి ఆకలి రెండు చోట్లా ఎవరి లెక్కలోకీ రాదు. పీట పిండికి దక్కింది, మనిషికి ఇంకా దక్కలేదు.