సీడార్ నది ఒడ్డున తల్లి మస్జిద్

అమెరికాలోని అయోవా రాష్ట్రంలో, కనుచూపు మేర మొక్కజొన్న చేలు పరచుకున్న నేలపై సీడార్ రాపిడ్స్ నగరం వెలసింది. ఇది లిన్ కౌంటీకి ముఖ్యపట్టణం. 2020 లెక్కల ప్రకారం జనాభా సుమారు 1,37,000. నగరం నడుమ సీడార్ నది ప్రవహిస్తుంది. కౌంటీ న్యాయస్థానం నదీమధ్యంలోని దీవిపైనే నిలిచి ఉంది. చలికాలంలో మంచు దట్టంగా కురుస్తుంది. వేసవిలో ఉక్కపోత, ఉరుముల వానలు.

చెక్ జాతీయులు ఇక్కడికి వలస వచ్చి స్థిరపడ్డారు. నేటి సిరియా, లెబనాన్ ప్రాంతాల ముస్లిములూ వచ్చారు. మూటలు మోసి పల్లెపల్లెనా వర్తకం చేసి, పిదప కిరాణా దుకాణాలు పెట్టుకున్నారు. ఆర్థిక మాంద్యం పీడిస్తున్న 1934లోనే వారొక చిన్న మస్జిద్ నిర్మించుకున్నారు. అమెరికాలో మస్జిద్‌గానే కట్టబడి నేటికీ నిలిచివున్న వాటిలో ఇదే ప్రాచీనమైనదని ప్రసిద్ధి. అందుకే దానికి ‘తల్లి మస్జిద్’ అని పేరు.

సంఖ్య పెరిగి, 1970 దశకారంభంలో కొత్త మస్జిద్ ఏర్పడగా పాత భవనం పరుల చేతికి పోయి శిథిలమైంది. సుమారు రెండు దశాబ్దాల తర్వాత ముస్లిములు దానిని తిరిగి కొని బాగుచేసుకున్నారు. 2008 జూన్‌లో నది 31 అడుగులు దాటి పొంగినప్పుడు నేలమాళిగ మునిగింది. మస్జిద్ మాత్రం నిలిచింది.

అల్లాహ్ గృహాన్ని కట్టే భాగ్యం ఒక తరానికి దక్కవచ్చు. దానిని కాపాడే బాధ్యత మాత్రం ప్రతి తరానిదీ.