ప్లాస్టిక్ సముద్రం

2006 సంగతి. మావాడికి మూడేళ్ళు నిండినా "అమ్మ", "పాలు" దాటి మాటలు రాలేదు. అప్పుడు స్టుట్‌గార్ట్‌లో, బాద్ కాన్‌స్టాట్ వైపు ఉండేవాళ్ళం. "ఇంట్లో తెలుగు, ఇక్కడ జర్మన్. తికమక పడుతున్నాడు, మీరూ జర్మనే మాట్లాడండి" అన్నారు కిండర్‌గార్టెన్‌లో. "మగపిల్లలకి మాటలు ఆలస్యమేనమ్మా, మీ ఆయన మాత్రం?" అన్నారు భీమిలి నుంచి అత్తయ్యగారు ఫోన్లో. పిల్లల డాక్టరు ఇంకో ఆర్నెల్లు చూద్దామన్నారు. ఇంతమంది ఒకటే చెబుతుంటే నాదే చాదస్తమేమో అనుకునేదాన్ని. కానీ రాత్రిళ్ళు నిద్ర పట్టేది కాదు.

వాడికి ప్రాణం యిమ్ క్నోఫ్ బొమ్మలాట. ఆగ్స్‌బుర్గర్ పుప్పెన్‌కిస్టె వాళ్ళది. మన తోలుబొమ్మల్లా కాదు, దారాలతో పైనుంచి ఆడించే చెక్కబొమ్మలు. 1948లో మొదలైన బొమ్మలాటశాల అది, 1953లోనే టీవీకెక్కింది. మిఖాయెల్ ఎండె రాసిన యిమ్ కథని 1961లో నలుపు తెలుపుల్లో తీసి, 1976లో మళ్ళీ రంగుల్లో తీశారు. అందులో సముద్రం వచ్చినప్పుడల్లా మావాడు టీవీకి ముక్కు ఆనించేవాడు. రైల్లో రెండు గంటల లోపే కదా అని ఆగ్స్‌బుర్గ్ మ్యూజియంకి తీసుకెళ్ళాం. హన్నెలోరె మార్షల్ చెక్కిన బొమ్మలు అక్కడున్నాయి. ఇంతకీ ఆ సముద్రం ఏమిటనుకున్నారు? పల్చటి ప్లాస్టిక్ షీటు! దీపాలు వేసి కదిలిస్తే కెరటాలే. భీమిలి ఒడ్డున పెరిగిన నేను కూడా మోసపోయాను.

ఇంటికొచ్చాక, గోడలకి రంగులేసేటప్పుడు నేల మీద పరిచే ప్లాస్టిక్ కొనుక్కొచ్చాను. వాడు నాకు వీపు పెట్టి రైలింజన్‌తో ఆడుకుంటున్నాడు. నేను షీటు విప్పి గట్టిగా దులిపాను. ఇల్లంతా గరగరమంది. వంటింట్లోంచి మావారు "ఏమిటా గోల?" అని పరిగెత్తుకొచ్చారు.

వాడు మాత్రం తల తిప్పలేదు.

ఇంకోసారి దులిపాను. తిప్పలేదు. నా చేతులు చల్లబడిపోయాయి.

ఈసారి ఎవర్నీ అడగలేదు. నేరుగా చెవి డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళాను. రెండు కర్ణభేరుల వెనకా జిగట నీరు చేరిందట. "నీళ్ళలో మునిగి విన్నట్టు వినిపిస్తుంది" అన్నారాయన. కొన్ని వారాలు చూసినా తగ్గక, చిన్న ఆపరేషన్ చేసి బుల్లి గొట్టాలు పెట్టారు.

ఆపరేషనయ్యాక ఇంటికొచ్చిన సాయంత్రం, మూలన పడున్న షీటు మీద కాలేశాడు. ఉలిక్కిపడి వెనక్కి గెంతి నా చున్నీ పట్టుకున్నాడు. కాసేపాగి ఒక కాలు మెల్లిగా పెట్టాడు. మళ్ళీ పెట్టాడు.

"అమ్మా, అదీ?"

"సముద్రంరా," అన్నాను తెలుగులోనే.