మా అత్తగారి దుర్భిణి వయసు లీడ్స్‌లో తెలిసింది

మా అమ్మాయి ఇంగ్లండులో లీడ్స్ అనే ఊళ్ళో ఎమ్మెస్సీ చదువుతోంది. కిందటి వేసవిలో దాన్ని చూడ్డానికి రెండు వారాలు వెళ్ళొచ్చాను. తిరిగొచ్చాక అందరూ లండన్ గురించే అడుగుతున్నారు. లండన్ నేనూ చూశాను గానీ, నా మనసులో నిలిచిపోయింది మాత్రం లీడ్సే. ఎందుకో తెలియాలంటే ముందు మా అత్తగారి ట్రంకుపెట్టె గురించి చెప్పాలి.

మా అత్తగారి పుట్టిల్లు పశ్చిమ గోదావరి జిల్లా తాడేపల్లిగూడెం దగ్గర మాధవరం. మిలటరీ మాధవరం అంటే అందరికీ తెలుస్తుంది. రెండు ప్రపంచ యుద్ధాలకీ ఆ ఊరి మగవాళ్ళు వెళ్ళారు. మా అత్తగారి పెదనాన్నగారు కూడా అలాగే వెళ్ళి 1942లో బర్మాలో పోయారు. జపాను సైన్యం తరుముకొస్తుంటే మనవాళ్ళు కొండలూ అడవులూ పట్టుకుని వెనక్కి నడిచొచ్చిన ఏడాది అది. మనిషి రాలేదు, కాగితం వచ్చింది. యుద్ధం అయిపోయాక ఒక ఖాకీరంగు రేకు డబ్బా ఇంటికి చేరింది. అందులో జానెడున్నర పొడవున్న ఇనప గొట్టం, రెండు వైపులా అద్దాలు, మధ్యలో రెండు గుండ్రటి మరలు. రైఫిలు మీద బిగించుకుని దూరంగా ఉన్నదాన్ని దగ్గరగా చూసే దుర్భిణి. తుపాకీ లేదు, ఈ దుర్భిణి ఒక్కటే.

అత్తగారి మామ్మ దాన్ని "మా పెద్దాడి కన్ను" అనేదట. ప్రతి దసరాకీ చింతపండుతో, బూడిదతో తోమించి బొట్టు పెట్టేదట. మామ్మ పోయాక అది మా అత్తగారి దగ్గరికొచ్చింది. ఆవిడా ఆ ఆనవాయితీ మానలేదు. తోమి తోమి నల్లరంగు పోయింది, అక్షరాలూ అరిగిపోయాయి.

ఇప్పుడు అత్తగారి తమ్ముడుగారు దానికొక గాజుపెట్టె చేయించి, కింద ఇత్తడి పలక మీద "1942 బర్మా యుద్ధంలో మా పెదనాన్నగారు వాడిన దుర్భిణి" అని చెక్కిద్దామన్నారు. గొట్టం మీద 194 వరకూ బాగానే ఉంది, చివరి అంకె చోట నిలువు గీత ఒక్కటే మిగిలింది. అందరం 1941 అని చదివేసుకున్నాం. లెక్క సరిపోయిందనే అనుకున్నాం.

"అమ్మా, చెక్కించే ముందు ఒకసారి అడిగి చూద్దాం. లీడ్స్‌లో ఆయుధాల మ్యూజియం ఉంది" అంది మా అమ్మాయి ఫోనులో.

తుపాకీ మీద బిగించే వస్తువు విమానంలో పట్టుకెళ్ళడం మంచిది కాదు కదా! అందుకని చిన్నప్పుడు రూపాయి బిళ్ళ మీద కాగితం పెట్టి పెన్సిలు రుద్దేవాళ్ళం చూడండి, అలాగే పల్చటి కాగితం గొట్టం చుట్టూ చుట్టి మెత్తటి పెన్సిలుతో రుద్దాను. కంటికి కనపడని అక్షరాలు కూడా ఒకటీ అరా తేలాయి. అన్ని వైపులా ఫోటోలు తీశాను. ఆ కాగితం భాగవతం పుస్తకంలో పెట్టుకుని, ఆవకాయ సీసాతో సహా బయల్దేరాను.

లండన్ కింగ్స్ క్రాస్ స్టేషనులో రైలెక్కితే రెండుంపావు గంటల్లో లీడ్స్. ఊరి మధ్యలోంచి ఎయిర్ అనే నది వెళ్తుంది. ఒకప్పుడు ఉన్ని బట్టలకి పేరున్న ఊరు. స్టేషను నుంచి నది పక్కనే ఇరవై నిముషాలు నడిస్తే రాయల్ ఆర్మరీస్ మ్యూజియం వస్తుంది. లండన్ టవర్‌లో ఉండే ఆయుధాల్లో చాలా భాగం ఇక్కడికి తెచ్చి 1996లో దీన్ని తెరిచారు. టిక్కెట్టు లేదు. లోపల ఎనిమిది పలకల గాజు మేడలాంటి చోట గోడల నిండా కత్తులూ కవచాలూ వేలకొద్దీ తగిలించారు. మన దేశపు ఏనుగు కవచం కూడా ఉంది. 118 కిలోల బరువు, అయిదువేల పైచిలుకు ఇనప రేకులు! రాబర్ట్ క్లైవు కోడలు, అంటే మద్రాసు గవర్నరు భార్య, 1801లో ఇంగ్లండుకి తెచ్చుకుందట. దాని ముందు నిలబడితే గర్వంగానూ ఉంది, ఒళ్ళు మండిపోయినట్టూ ఉంది.

అక్కడ పనిచేసే ఒక పెద్దాయన ఖాళీగా కనిపిస్తే మా అమ్మాయి వెళ్ళి అడిగింది. ఆయన నా పెన్సిలు కాగితం చూడగానే కళ్ళజోడు సర్దుకున్నారు. "తోమేశారా?" అనడిగారు. నాకు సిగ్గేసింది.

ఆయన చెప్పింది మా అమ్మాయి తెలుగులో చెబుతుంటే నాకు అర్థమైనంతవరకూ రాస్తున్నాను. ఇలాంటి వస్తువు వయసు ఒక్క అంకెని పట్టుకుని చెప్పకూడదట. నాలుగైదు గుర్తులు చూసి, అన్నీ ఒకే మాట చెబుతున్నాయా లేదా అని సరిచూసుకోవాలట. మనం పెళ్ళిసంబంధానికి నలుగురినీ వాకబు చేసినట్టన్నమాట.

మొదటిది కాకికాలు లాంటి ముద్ర. అది బ్రిటిషు ప్రభుత్వపు సొత్తని చెప్పే బాణం గుర్తు.

రెండోది రకం. మాది 32వ నంబరు దుర్భిణి, మూడింతలు పెద్దదిగా చూపిస్తుంది. దీన్ని నాలుగో నంబరు రైఫిలు మీద బిగించి గురికాళ్ళకి ఇవ్వడం మొదలైందే 1942లో. ఆ ఏడాది బర్మాలో వెనక్కి నడిచిన మన సిపాయిల చేతుల్లో ఉన్నవి అంతకంటే పాత రకం రైఫిళ్ళు.

మూడోది మార్కు. ఇందులో మూడు మార్కులొచ్చాయి. మొదటిదాంట్లో పక్క మర ఒక్క టిక్కు తిప్పితే గురి వంద గజాల దూరంలో రెండంగుళాలు జరిగేది, రెండోదాన్నుంచి ఒక్క అంగుళం. మూడోదాంట్లో ఆ మరలు సరిచేసుకోవడం ఇంకా సులువు చేశారు. మా గొట్టానికి మరలు తుప్పు పట్టి బిగుసుకుపోయాయి, తిప్పి చూసే వీల్లేదు. మార్కు అంకె కూడా చెరిగిపోయింది. అయితే ఓ.ఎస్. అన్న అక్షరాల పక్కన ఒక నంబరు ఉంటుంది. మొదటి మార్కుకి 466, రెండోదానికి 1650, మూడోదానికి 2039. నా కాగితం మీద 2039 స్పష్టంగా తేలింది. మూడో మార్కు సైన్యంలోకి వచ్చింది 1944లో.

నాలుగోది అద్దం. మామూలు అద్దం మీద దీపం పడితే తెల్లగా మెరుస్తుంది. మెరుపు తగ్గించే పూత వేస్తే నీలంగానో ఊదాగానో కనపడుతుంది. మన కళ్ళజోళ్ళకి ఇప్పుడు వేస్తున్నారే, అలాంటిదే. ఈ పూతని 1935లో జర్మనీలో జైస్ కంపెనీలో కనిపెట్టారు. ఇతర దేశాల దుర్భిణీలకి యుద్ధం ముదిరాకే బాగా వాడకంలోకి వచ్చింది. మా ఫోటోలో అద్దం నీలంగా ఉంది. అయితే రిపేరులో అద్దం మార్చేసి ఉండొచ్చు కాబట్టి ఇదొక్కటే చూసి నిర్ణయించకూడదన్నారు.

ఇవన్నీ చెప్పి, 194 పక్కనున్న నిలువు గీత మీద వేలు పెట్టారాయన. "ఇది ఒకటి కాదమ్మా, నాలుగు. ఏటవాలు గీత అరిగిపోయింది" అన్నారు.

1944. మనిషి పోయిన రెండేళ్ళకి తయారైన వస్తువు! నాకు నోట మాట రాలేదు. దసరా దసరాకీ బొట్టు పెట్టుకున్న ఆవిడకి ఈ మాట ఎలా చెప్పను?

నా మొహం చూసి ఆయన ఇంకో అక్షరాల గుంపు చూపించారు. ఏ.కె. అండ్ ఎస్. అంటే ఎ.కెర్షా అండ్ సన్స్. "ఇది ఈ ఊళ్ళోనే తయారైంది" అన్నారు.

మర్నాడు మా అమ్మాయి నన్ను ఊరికి రెండు మైళ్ళ దూరంలో ఉన్న ఆర్మ్‌లీ మిల్స్‌కి తీసుకెళ్ళింది. ఒకప్పుడు ప్రపంచంలోకెల్లా పెద్ద ఉన్ని మిల్లు అది, ఇప్పుడు పరిశ్రమల మ్యూజియం. అక్కడ పాతకాలపు చిన్న సినిమా హాలూ, కేలీ అనే పేరున్న ప్రొజెక్టర్లూ ఉన్నాయి. కేలీ అంటే కెర్షా, అబ్రహాం, లీడ్స్ అన్న మాటల మొదటి అక్షరాలట. ఆ కంపెనీయే ఈ కంపెనీ! జనం సినిమా చూసి నవ్వుకునే అద్దాలూ, దూరంగా ఉన్న మనిషికి గురిపెట్టే అద్దాలూ ఒకే చోట అరగదీశారన్నమాట. ఆ ప్రొజెక్టరు ముందు బెంచీ మీద కూచుని, డబ్బాలో తెచ్చుకున్న పులిహోర తింటూ ఎలా చెప్పాలా అని ఆలోచించాను.

రెండు రోజులు దాచాను. మూడోరోజు ఆవిడే వీడియోలో "ఏమన్నారే వాళ్ళు?" అని అడిగారు. ఇక తప్పక చెప్పాను. కాసేపు మాట్లాడలేదు. నాకు గుండెలు దడదడలాడాయి.

"నాకు ఎప్పట్నుంచో అనుమానమేనే" అన్నారు చివరికి. "దాన్ని ఇంటికి తెచ్చింది మా నాన్న అని మా అమ్మ ఒకసారి నోరు జారింది. యుద్ధం అయ్యాక నాన్న సికిందరాబాదులో మిలటరీ స్టోర్సులో గుమాస్తా. పాత సామాను వేలం వేసేవారు. పెద్దకొడుకు పోయాడని మామ్మ తిండి మానేసి మంచం పట్టిందట. ఏదో ఒకటి చేతిలో పెడితేగానీ లేవదని తెచ్చుంటాడు. తర్వాత నిజం చెప్పలేకపోయుంటాడు."

"మరి పలక మీద ఏం రాయించమంటారు అత్తయ్యా?"

"ఉన్నదే రాయించండి. 1944లో లీడ్స్‌లో చేసింది. అన్న గుర్తుగా తమ్ముడు అమ్మకి తెచ్చిచ్చింది. ఇద్దరి పేర్లూ వెయ్యండి. ఇన్నాళ్ళూ మా నాన్న పేరు ఎక్కడా లేకుండా పోయింది."

సంక్రాంతికి అలాగే చెక్కించాం. బొట్టు మాత్రం ఆవిడ ఇప్పటికీ పెడుతున్నారు. కాకపోతే గొట్టానికి కాదు, గాజుపెట్టెకి.

మీ ఇళ్ళల్లోనూ పెద్దవాళ్ళ గడియారాలో, దుర్భిణీలో, కెమెరాలో ఉంటే నేను నేర్చుకున్నవి రెండు మాటలు చెబుతాను. చింతపండు, బూడిద, పాలిషు తగలనివ్వకండి. మెత్తటి పొడి గుడ్డతో తుడిస్తే చాలు. అద్దాలు మీరే విప్పకండి. మన కోస్తా గాలికి అద్దాల్లో బూజు పడుతుంది కాబట్టి, మందుల సీసాల్లో వచ్చే తేమ పీల్చే పొట్లాలు పక్కన పెట్టండి. అక్షరాలు అరిగిపోకముందే కాగితం మీదకి దించుకోండి. ఆ వస్తువు ఇంటికి ఎలా వచ్చిందో తెలిసిన పెద్దవాళ్ళు ఉండగానే అడిగి రాసి పెట్టుకోండి.