తొంభైలోనూ షూటింగే!

ఫిలిప్పీన్స్ నటుడు ఎడ్డీ గార్సియాని నేను మొదట చూసింది 2012 నాటి ‘బ్వాకావ్’లో. ఇంట్లో శవపేటిక సిద్ధం చేసుకుని చావు కోసం ఎదురుచూసే ముసలాయన, తోడుగా ఓ కుక్క. దానికి జబ్బు చేశాకే ఆయనకి బతుకు మీద మమకారం పుడుతుంది. ఎనభై దాటాక ఎంత బాగా చేశారో!

1949లో తెరమీదకొచ్చి విలన్‌గా, హీరోగా, దర్శకుడిగా డెబ్భై ఏళ్లు పనిచేశారు. 2019 జూన్‌లో మనీలాలో టీవీ సీరియల్ షూటింగ్ జరుగుతుంటే కేబుల్ వైరు కాలికి తగిలి పడ్డారు. మెడ ఎముక విరిగింది. కొద్దిరోజులకే పోయారు. వయసు 90.

‘నటిస్తూనే వెళ్లిపోయాడు, ధన్యజీవి’ అనేస్తాం. నాకా మాట మింగుడుపడదు. ఆ వైరు పక్కకి సర్ది ఉంటే ఇంకో సినిమా చేసేవారేమో! 2024లో సినిమా, టీవీ కార్మికులందరి రక్షణ కోసం అక్కడ ఆయన పేరుతోనే చట్టం తెచ్చారు. ఆయనకొచ్చిన అవార్డులన్నిటికంటే నాకదే గొప్పగా అనిపిస్తుంది.