గోస్తనీ వెంట ఒక రోజు

పిల్లలూ! మా ఊరు చోడవరం. పాత పుస్తకాల్లో చూస్తే ఇది విశాఖపట్నం జిల్లా అని ఉంటుంది. 2022లో జిల్లాలను మార్చినప్పుడు అనకాపల్లి జిల్లాలో చేరింది. ఊరి చుట్టూ చెరకు తోటలు. చలికాలం వచ్చిందంటే చుట్టుపక్కల పల్లెల్లో బెల్లం వండే కమ్మని వాసన గాలిలో తేలివస్తుంది. ఉత్తరంగా చూస్తే దూరాన నీలికొండలు వరుసగా కనిపిస్తాయి.

నేను ముప్ఫై ఏళ్ళకు పైగా బడిలో పాఠాలు చెప్పాను. భూగోళం చెప్పేటప్పుడు గోడమీది పటంలో బెత్తం ఆనించి, "ఇది గోస్తనీ నది. అనంతగిరి కొండల్లో పుట్టి భీమునిపట్నం దగ్గర సముద్రంలో కలుస్తుంది" అనేవాణ్ణి. పిల్లలు వల్లించేవారు. పటంలో ఆ నది వెంట్రుకంత నీలిగీత. నిజం చెప్పాలంటే, ఆ గీత కొండమీద ఎలా ఉంటుందో, కింద ఎలా ఉంటుందో ఒక్కరోజున చూసిన పాపాన పోలేదు నేను. ఉద్యోగం విరమించిన తరువాత ఒక కార్తీకమాసంలో ఆ లోటు తీరింది.

కార్తీకం వనభోజనాల నెల గదా! మా మనుమడు ఏడవ తరగతి, మనుమరాలు మూడవ తరగతి. ఇద్దరూ సెలవు రోజున ఎక్కడికైనా తీసుకువెళ్ళమని పట్టుబట్టారు.

"పొద్దున్న లోయలో నడుద్దాం. మధ్యాహ్నం చెరువులో పడవ ఎక్కుదాం" అన్నాను.

"లోయ ఒక చోట, చెరువు ఒక చోట. రెండూ ఒక్కరోజులో ఎలా చూస్తాం తాతా?" అన్నాడు మనుమడు.

"రెండూ ఒకటే అనుకో" అన్నాను. వాడికి అర్థం కాలేదు. నేనూ విప్పి చెప్పలేదు.

తెల్లవారకముందే బయలుదేరాము. మామ్మ పులిహోర, దద్దోజనం, బెల్లంముక్కలు మూటగట్టింది. పల్లెదారుల్లో శృంగవరపుకోట చేరేసరికి సూర్యోదయమైంది. అక్కడినుంచి ఘాటు రోడ్డు. మలుపు తిరిగినకొద్దీ చెవులు గడియపడ్డట్టయి, గుటక వేస్తే విడిపోతున్నవి. సిల్వర్ ఓక్ చెట్ల నీడలో కాఫీ మొక్కలు, ఆ చెట్లను అల్లుకుని మిరియాల తీగలు. చల్లగాలికి మనుమరాలు మామ్మ కొంగులో దూరింది.

"కొండమీద సూర్యుడికి దగ్గరవుతాం గదా, మరి చలి ఎందుకు?" అని అడిగింది.

మంచి ప్రశ్న. సూర్యుడు కోట్ల మైళ్ళ దూరాన ఉన్నాడు. ఆ దూరంలో మన కొండ ఎత్తు ఒక లెక్కలోది కాదు. ఎండ ముందు నేలను వేడి చేస్తుంది, నేల గాలిని వేడి చేస్తుంది. ఆ గాలి పైకి పోయినకొద్దీ పలచబడి, వ్యాకోచించి చల్లబడుతుంది. వెయ్యి మీటర్లు ఎక్కితే సుమారు ఆరు డిగ్రీల వేడి తగ్గుతుంది. బొర్రా దాదాపు 700 మీటర్ల ఎత్తున ఉన్నది. తగ్గే వేడి ఎంతో మీరే లెక్కవేయండి.

బొర్రా దగ్గర జీపు దిగి, కటికి జలపాతం వైపు మట్టిదారిన నడక సాగించాము. కుడి ఎడమల కొండలు, మధ్య లోయ, అడుగున రాళ్ళమీద గలగలలాడుతూ గోస్తని. మెట్టచేలలో వలిసెలు పూచి పసుపు ఆరబోసినట్టున్నది. ఎదుటి కొండ నడుమున ఒక రైలు చిన్న గొంగళిపురుగులా పాకుతూ వచ్చి సొరంగంలో దూరింది. బైలదిల్లా గనులనుంచి విశాఖ రేవుకు ఇనుపరాయి తెచ్చేందుకు 1960వ దశకంలో వేసిన దారి అది. కొండల్ని తొలిచి పదులకొద్దీ సొరంగాలు చేశారు. మనుమడు వేళ్ళు మడుస్తూ పెట్టెలు లెక్కపెట్టాడు గాని, సగం సొరంగంలోకి పోయేసరికి లెక్క తప్పింది.

దారిలో అడ్డాకుల మోపు నెత్తిన పెట్టుకుని ఒక అమ్మ ఎదురైంది. విస్తళ్ళు కుట్టే ఆకు అది. మనుమరాలు వింతగా చూస్తుంటే, "ఏటి పాపా, ఆకు కావాలా?" అని మోపులోంచి ఒకటి లాగి ఇచ్చింది. అరచేతులు రెండూ కలిపినంత ఉంది ఆ ఆకు.

జలపాతం దగ్గర తుంపరలు మొహానికి కొడుతున్నవి. కాళ్ళు తడుపుకుని, తిరిగి వస్తూ ఏటి ఒడ్డున ఒక నెమ్మది చోట ఆగాము. మనుమరాలు అడ్డాకును దోనెలా మడిచి, పుల్ల గుచ్చి, నీళ్ళలో వదిలింది. ఆకు ఒక రాయి చుట్టూ తిరిగి, తలవూపి, చటుక్కున కిందికి జారిపోయింది.

"ఇది ఎక్కడికి పోతుంది తాతా?"

"మనం పోయే చోటికే."

అప్పుడు అర్థమైంది మనుమడికి. "అయితే చెరువులో ఉన్నది కూడా గోస్తనేనా!" అని గంతువేశాడు.

తరువాత బొర్రా గుహలలోకి దిగాము. లోపల దీపాల వెలుగులో పైకప్పునుంచి మర్రి ఊడల్లా సున్నపురాతి బొడిపెలు వేలాడుతున్నవి. నేలమీదినుంచి కొన్ని పైకి లేచినవి. ఎవరు చెక్కారు వీటిని? నీరే చెక్కింది. వానచినుకు గాలిలోనూ మట్టిలోనూ ఉన్న బొగ్గుపులుసు వాయువును కొంచెం కలుపుకుంటుంది. దానితో నీటికి రవ్వంత పులుపు వస్తుంది. నాలుకకు తెలియదు గాని సున్నపురాయికి తెలుస్తుంది. రాయి కొద్దికొద్దిగా కరిగి గుహ ఏర్పడుతుంది. కరిగిన సున్నంతో నీటిబొట్టు పైకప్పునుంచి వేలాడినప్పుడు ఆ వాయువు తప్పించుకుంటుంది, సున్నం పేరుకుంటుంది. అదే ఊడ. సాధారణంగా ఇలాంటి ఊడ ఏడాదికి మిల్లీమీటరులో పదోవంతు పెరిగితే గొప్ప.

"నువ్వు పుట్టి ఎనిమిదేళ్ళు. ఈ ఊడ నీ వయసులో ఒక మిల్లీమీటరైనా పెరిగిందో లేదో!" అన్నాను. మనుమరాలు దాన్ని ముట్టుకోబోయి చెయ్యి వెనక్కు తీసుకుంది. మంచిపని చేసింది. మన చేతి జిడ్డు అంటుకుంటే అక్కడ సున్నం సరిగా పేరుకోదు.

ఒకప్పుడు ఒక ఆవు పైనున్న కంతలోంచి గుహలో పడిందనీ, వెతుక్కుంటూ వచ్చిన కాపరికి లోపల శివలింగం కనిపించిందనీ అక్కడివారు చెప్పుకుంటారు. గోస్తని అంటే ఆవు పొదుగు. ఆ పేరు ఎందుకు తగినదో నాకు మధ్యాహ్నానికి తెలిసివచ్చింది.

కొండ దిగుతూ ఒక ఉసిరిచెట్టు నీడన భోజనాలు చేసి, మూడు గంటలకు తాటిపూడి చేరాము. కొండమీద అంత అల్లరి చేసిన నది ఇక్కడ కొండల నడుమ నిండుచెరువై నిశ్శబ్దంగా పడుకున్నది. 1963లో మొదలుపెట్టి 1968 నాటికి గోస్తనికి అడ్డంగా ఇక్కడ ఆనకట్ట కట్టారు. గంట్యాడ, శృంగవరపుకోట, జామి మండలాల్లో సుమారు 15,000 ఎకరాలకు దీని నీరు ఆధారం. విశాఖపట్నం నగరానికి తాగునీరు కూడా ఇక్కడినుంచి పోతుంది. విశాఖలో మా అమ్మాయి ఇంట్లో నీళ్ళు కాచే గిన్నెకు తెల్లని పొర కడుతుంది. అది నీళ్ళలోని సున్నమే. అందులో బొర్రా సున్నం చిటికెడైనా ఉండకపోదు!

మరపడవ సిద్ధంగా ఉంది. పడవ నడిపే ఆయన అందరికీ లైఫ్ జాకెట్లు ఇచ్చాడు. "నాకు ఈత వచ్చునయ్యా" అన్నాను బింకంగా.

"ఈతొచ్చినోళ్ళూ కట్టాల మాస్టారూ. నీళ్ళకి మాస్టారని తెలవదు గదా" అన్నాడు.

పిల్లలు నవ్వారు. నేను సిగ్గుపడి కట్టుకున్నాను. 2019 సెప్టెంబరు 15న గోదావరిలో కచ్చులూరు దగ్గర విహారపడవ మునిగి యాభైమంది దాకా పోయారు. ఆ సంగతి తలుచుకుంటే ఆయన మాట ఎంత విలువైనదో తెలుస్తుంది. ఆ జాకెట్టులో నురగలాంటి పదార్థం ఉంటుంది. దానినిండా గాలిగదులే. అందుకే నీటికంటే తేలిక. తల పైకి ఉండేలా మనిషిని పట్టి తేలుస్తుంది.

పడవ చెరువు నడుమకు వచ్చింది. చుట్టూ కొండల నీడ నీళ్ళలో తలకిందులుగా ఉంది. మనుమరాలు అంచున కూర్చుని తన అడ్డాకు కోసం వెతుకుతున్నది. అంతలో ఈశాన్యాన మబ్బు కమ్మి, గాలి లేచింది. అద్దంలాంటి నీరు ముడతలు పడింది. సరిగ్గా అప్పుడే అవతలి ఒడ్డున ఎవరో తువ్వాలు ఊపడం కనిపించింది.

ఆయన చెయ్యి అడ్డుపెట్టుకుని చూశాడు. "మాస్టారూ, ఆ ఒడ్డున మా గిరిజన పల్లెలున్నాయి. ఆళ్ళకి ఈ నీళ్ళే దారి. ఎవరికో బాగున్నట్టు లేదు. గాలి పెరిగితే ఆళ్ళ చిన్నపడవ రాలేదు. తమరు ఊ అంటే ఎక్కించుకొస్తాను. మీ షికారు మట్టుకు తగ్గిపోద్ది."

"దీవి వైపు ఇంకా తిప్పనేలేదు" అని మనుమడు గొణిగాడు. నేను వాడివైపు చూశాను. వాడు ఒడ్డువైపు చూశాడు. అక్కడ ఒక తల్లి దుప్పటిలో చుట్టిన పిల్లను భుజాన వేసుకుని నిలబడి ఉంది. పక్కన ముసలితాత.

"పద మావయ్యా, తొందరగా పద" అన్నాడు మనుమడే.

పదిమంది పట్టే పడవలో మేము అయిదుగురం. వాళ్ళు ముగ్గురు ఎక్కినా లెక్క మించలేదు. మిగిలిన జాకెట్లు వాళ్ళకు కట్టాము. పిల్లకు నాలుగేళ్ళుంటాయి. జాకెట్టు పెద్దదై గెడ్డం దాకా వచ్చింది. చెయ్యి పట్టుకుంటే జ్వరం కాలిపోతున్నది. తిరుగుదారిలో అలలు పడవ పక్కను చప్ చప్ మని కొట్టినవి, నీళ్ళు మా ఒళ్ళో చిందినవి. ఎవ్వరమూ మాట్లాడలేదు. పడవ నడిపే ఆయన మాత్రం అలలకు ఎదురుగా ముక్కు తిప్పి, వేగం తగ్గించి, నిదానంగా తెచ్చాడు. అడ్డంగా పోతే అల పడవను ఒరిగిస్తుందట. మామ్మ తన శాలువ తీసి పిల్లమీద కప్పింది.

ఒడ్డు చేరగానే మా జీపులోనే వాళ్ళను గంట్యాడ ఆసుపత్రికి చేర్చాము. "ఆనకట్ట లేనప్పుడు నడిచి దాటేవోళ్ళం బాబూ" అని ముసలితాత దారిలో చెప్పాడు. ఆ నీటితో ఎన్నో చేలు పండుతున్నవి, ఒక నగరం దాహం తీరుతున్నది. అదే నీరు ఆయన పల్లెకు దారి అడ్డమైంది. ఈ సంగతి నా భూగోళ పాఠంలో ఎన్నడూ లేదు.

ఇంటికి వస్తూంటే చీకటి పడింది. "నా ఆకు కనిపించలేదు తాతా" అన్నది మనుమరాలు నిద్రమత్తులో.

"ఏ రాతిసందునో చిక్కుకుని ఉంటుంది. దానిని మోసిన నీరు మట్టుకు వచ్చేసి ఉంటుందమ్మా" అన్నాను.

మూడోనాడు పొద్దున్నే మనుమడు నా దగ్గరకు వచ్చాడు. పడవ నడిపే ఆయన ఫోను నంబరు వాడు ఆనాడే అడిగి రాసుకున్నాడట. నాకు తెలియదు. "తాతా, మావయ్యతో మాట్లాడాను. ఆ పాపకు జ్వరం తగ్గిందట. నిన్ననే పడవలో ఇంటికి పోయారట" అన్నాడు. వాడి మొహం వెలిగిపోతున్నది. దీవి సంగతి మళ్ళీ ఎత్తలేదు.

పిల్లలూ, మీరూ ఎప్పుడైనా తాటిపూడి వెళ్ళాలనుకుంటే, పడవలు నడుస్తున్నవో లేదో ముందుగా కనుక్కుని వెళ్ళండి. జాకెట్టు కట్టుకోండి. పడవవారు వద్దంటే ఎక్కకండి. వెళ్ళలేకపోతే మరొక పని చేయండి: మీ ఇంట్లో కుళాయినీరు ఏ ఏటినుంచి వస్తున్నదో, ఆ ఏరు ఎక్కడ పుట్టిందో, దారిలో ఎవరెవరి ఊళ్ళు దాటి వస్తున్నదో మీ మాస్టారుగారిని అడగండి. ఆయనకూ తెలియకపోతే, ఇద్దరూ కలిసి వెళ్ళి చూడండి. నేను ఆ పని ముప్ఫై ఏళ్ళు ఆలస్యంగా చేశాను.